నలభై ఐదు రోజుల కాలు

పలక జారలేదు. పరశురాములే జారాడు. ఎవరు అడిగినా అదే చెప్పాడు. లారీకి ఆనించిన పలక మీద ఎవరో నీళ్లు తాగి వంపిన తడి ఉంది. మడమ జారగానే వీపు మీది వడ్ల బస్తాను వదిలేసి ఉంటే కాలు దక్కేది. కానీ బస్తాను నేల మీద పడేయకూడదనే అలవాటు ముప్ఫై ఏళ్లుగా ఒంట్లో పాతుకుపోయింది. దాన్ని పట్టుకునే పడ్డాడు. బస్తా పగలలేదు. మోకాలి కింద ఎముక విరిగింది.

హమాలీల మేస్త్రి హనుమండ్లు పరిగెత్తలేదు. ఆ వయసులో పరుగు రాదు. నడుచుకుంటూ వచ్చి పక్కన గొంతుకూర్చుని, కాలును కిందినుంచి పైదాకా చూసి, రెండు వెదురు బద్దలు తెప్పించి, తన తువ్వాలుతో కట్టాడు.

“ఇరిగింది,” అన్నాడు.

“ఎర్కే,” అన్నాడు పరశురాములు.

ముఠాలో చిన్నవాడు యూనుస్ అతని తల కింద ఖాళీ గోనె సంచి మడిచి పెట్టాడు. “పరశన్నా, బస్తను సంటిపిల్లలెక్క ఎత్తుకోని పడితివి. సేటు సూస్తె నీకు శాలువ కప్పుతడు.”

చుట్టూ ఉన్నవాళ్లు నవ్వారు. పరశురాములు కూడా నవ్వబోయి పళ్లు బిగపట్టాడు.

యాసంగి వడ్లు వచ్చే కాలం. మంథని తోవలో ఉన్న ఆ మిల్లు ముందు లారీలు రోడ్డు మలుపు దాకా నిలబడి ఉన్నాయి. గోదావరి అవతల మబ్బు లేస్తోంది. గుమాస్తా సంపత్ మబ్బును చూశాడు, లారీలను చూశాడు, తర్వాత కింద పడి ఉన్న మనిషిని చూశాడు. మిల్లు యజమాని సేటుకు ఫోన్ చేసి ఆయన కారు తెప్పించాడు.

కారులోకి ఎక్కిస్తుండగా వినోద వచ్చింది. బీడీల చేట పక్కన పెట్టి అలాగే వచ్చినట్టుంది, వేళ్లకు తంబాకు పొడి అంటుకుని ఉంది. ఏడవలేదు. మొగుడి తల పట్టుకుని లోపలికి జరిపి తనూ ఎక్కింది. సంపత్ ముందు సీటులో కూర్చున్నాడు. కారు కదిలాక వినోద అంది.

“బోథ్‌కు ఫోన్ జేసిన.”

“ఎవలు జెయ్యమన్నరు?”

“ఒకలు జెయ్యమనాల్నా? కాలిరిగింది. చెప్పకపోతె రేపు నన్నే అంటరు.”

పరశురాములు కిటికీ బయటికి చూశాడు. కొంత దూరం పోయాక అడిగాడు. “ఏమన్నడు?”

“బావ మాట్లాడలే. అక్క మాట్లాడింది. తెల్లారంగ మొదటి బస్సుకు వస్తడట.”

బోథ్‌లో ఉండేది అతని అన్న లింగమూర్తి. అన్న బిడ్డ పెండ్లి ఇలాంటి యాసంగిలోనే జరిగింది. లారీలు ఆగి ఉన్నాయని పరశురాములు పోలేదు, పెండ్లాన్ని పంపాడు. “వానికి బస్తలే సుట్టాలు, మనం గాదు,” అన్నాడట లింగమూర్తి పందిట్లో. అప్పటినుంచి మాటల్లేవు. వాళ్లలో ఒక పద్ధతి ఉంది. ఎంత పంతం ఉన్నా, మనిషి చచ్చినా, ఎముక విరిగి మంచాన పడ్డా పోయి చూడాలి. పోయినవాడు తగ్గినట్టు కాదు, చూపించుకున్నవాడు గెలిచినట్టు కాదు. అయితే అది మంచం మీద ఉన్నంతవరకే. లేచి తిరిగే మనిషి దగ్గరికి పోవాలంటే పిలుపు ఉండాలి. పిలవడానికి పరశురాములుకు నోరు రాలేదు, పిలవకుండా రావడానికి లింగమూర్తికి కాలు రాలేదు.

కారు గుంతల్లో పడ్డప్పుడల్లా పరశురాములు కళ్లు మూసుకున్నాడు. నొప్పికి మూసుకుంటున్నాడని వినోద అనుకుంది. ఇంట్లో నులక మంచం పట్టు వదిలి ఉంది. బిగించాలి. అన్న పడుకోవడానికి ఇంకో మంచం అడగాలి. అతను వాటి గురించే ఆలోచిస్తున్నాడు.

*

కరీంనగర్‌లో కారు ఆగింది ఎముకల దవాఖాన ముందు కాదు. రోజుల పెట్టె ఉన్న దవాఖాన ముందు.

ఆ పెట్టెకు ఇంగ్లీషులో వేరే పేరు ఉంది. జనం మాత్రం రోజుల పెట్టె అంటారు. తెల్లగా, పిండి గిర్నీ అంత ఉంటుంది. పక్కన గుండ్రటి రంధ్రం. విరిగిన కాలునో చేయినో అందులో పెట్టి చుట్టూ మెత్తటి రబ్బరు బిగిస్తారు. బయట గంట గడిచేలోగా లోపల నెలన్నర గడుస్తుంది. మందు ఏమీ ఉండదు. ఎముక తనంతట తాను అతుక్కోవడానికి ఎన్ని రోజులు కావాలో అన్ని రోజులూ తీసుకుంటుంది. ఆ రోజులే బయటివాళ్లకు కనబడకుండా అయిపోతాయి.

డాక్టరు ఎముకను సరిచేసి, మత్తు సూది వేసి, ఇంకో గదికి పోయాడు. పెట్టె దగ్గర ఉండే అమ్మాయి పేరు రుబీనా. ఆమె కాలు మీద వెంట్రుకలు గీకి, తొడదాకా లోపలికి జరిపి, పక్కన స్టూలు మీద అరటిపండ్లు, ఉడికిన గుడ్లు, పాలు పెట్టింది.

“ఆపకుంట తినాలె చాచా. కాలు నెలన్నర తిండి ఇప్పుడే అడుగుతది.”

పరశురాములు తిన్నాడు. ఆకలి గుంతలో రాయి పడ్డట్టు ఉంది. ఎంత వేసినా అడుగు తగలలేదు. పెట్టె పైన చిన్న అద్దం ఉంది. అందులోంచి చూశాడు. గీకిన చోట వెంట్రుకలు మొలిచి, నల్లబడి, పొడుగవుతున్నాయి. కాలిగోళ్లు పెరిగి వంగుతున్నాయి. పిక్క కరిగిపోతోంది. దిష్టికి కట్టుకున్న నల్లదారం వెలిసి, చూస్తుండగానే తెగి పడింది.

“బిడ్డా,” అన్నాడు. “లోపల నెలన్నర పండుకున్నట్టే ఉంటదా?”

“కాలుకు ఉంటది చాచా.”

“మరి నాకు?”

రుబీనా అతని మొహం చూసింది. రోజంతా చాలామంది కాళ్లను చూస్తుంది కానీ ఈ మాట ఎవరూ అడిగినట్టు లేదు. “మీకు గంటనే,” అంది. ఇంకో గుడ్డు ఒలిచి చేతికిచ్చింది.

కాలు బయటికి తీశాక ఆమె కింద కూర్చుని గోళ్లు కత్తిరించింది. వద్దని పరశురాములు పాదం వెనక్కి తీసుకోబోయాడు. ఆమె మడమ పట్టుకుని ఆపింది. కాలు నొప్పి లేదు. ఎముక గట్టిపడింది. కానీ పిక్క కండ లేదు. చర్మం చేప పొలుసులా రాలుతోంది. ఎండ చూడక తెల్లబడింది. ఆ కాలు తప్ప మిగిలిన మనిషంతా పొద్దున బస్తా మోసిన మనిషే. నడుము అలాగే గుంజుతోంది. భుజం మీద గోనె రాసిన ఎరుపు అలాగే ఉంది.

“వారం పది రోజులు మెల్లగ నడవాలె. బరువు ఎత్తద్దు,” అంది రుబీనా. సంపత్ అప్పటికే ఫోన్లో సేటుకు చెబుతున్నాడు. అయ్యింది సార్, లేసి నిలవడ్డడు అని. దవాఖానవాళ్లు పరశురాములును పెట్టె పక్కన నిలబెట్టి ఫోటో తీసుకున్నారు. నవ్వమన్నారు. అతనికి ఎక్కడ చూడాలో తెలియలేదు.

తిరుగు దారిలో సంపత్ ముందు సీటులోంచి వెనక్కి తిరిగాడు.

“అదృష్టవంతునివి. సేటు గంటల నెలన్నర రెస్టు ఇప్పిచ్చిండు నీకు. రేపు పొద్దుగాల రావాలె మరి. లారీలు సూసినవు గదా.”

“బరువు ఎత్తద్దన్నది గా పిల్ల,” అంది వినోద.

“గా పిల్ల అట్లనే అంటది. డాక్టర్ అన్లే గదా.” సంపత్ గొంతు పెంచలేదు. “రాకపోతె బయటి మనుషులు దొరుకుతరు. నా చేతుల ఏం లేదు.”



*

ఇంటికి వచ్చేసరికి పక్కింటివాళ్లు మంచం బయట వేసి, చుట్టూ నాలుగు ప్లాస్టిక్ కుర్చీలు తెచ్చి పెట్టారు. చూడడానికి వచ్చేవాళ్ల కోసం బిందెతో నీళ్లు కూడా పెట్టారు. పరశురాములు కారు దిగి నడుచుకుంటూ లోపలికి వచ్చాడు.

వాడకట్టు వాళ్లు గడప దాకా వచ్చారు. లేచాడా అన్నారు. మంచిగైంది అన్నారు. కాసేపు కాలు వంక చూశారు. కూర్చోమంటే, మనిషి మంచిగ ఉండంగ కూసునుడేంది అని వెళ్లిపోయారు. ముసలి లస్మవ్వ కొంగు కింద బ్రెడ్డు పాకెట్టు పట్టుకుని వచ్చింది. నిలబడి ఉన్న పరశురాములును చూసి ఆగింది.

“లేసినవా కొడుకా.”

“లేసిన అవ్వా.”

“ఇరగనే లేదా మరి?”

“ఇరిగింది. అతికింది.”

“ఎప్పుడు?”

“ఇయ్యాల్నే.”

ఆమెకు ఏం చేయాలో తోచలేదు. బ్రెడ్డు ఇవ్వాలా వద్దా అని ఒక క్షణం చేయి బయటికి తీసి, మళ్లీ కొంగు కిందికి తీసుకుంది. “అయితె నేను పోత. మనుమడు తింటడు,” అని మెల్లగా దాటిపోయింది. వినోద నోటికి కొంగు అడ్డం పెట్టుకుని నవ్వింది. నవ్వు ఆగాక కుర్చీలు ఒకదాంట్లో ఒకటి పెట్టి గోడకు చేర్చింది.

“బోథ్‌కు చెప్పాల్నా?” అంది.

“ఏమని?”

“మంచిగైందని.”

పరశురాములు మంచం కాళ్లవైపు తాళ్లు విప్పి నులకను బిగించడం మొదలుపెట్టాడు. ఒక్కో వరుసను గుంజి, మోకాలితో అదిమి, ముడి వేస్తున్నాడు.

“చెప్పకు,” అన్నాడు.

“వచ్చినంక నువ్వు మిల్లుల ఉంటె?”

అతను ఇంకో వరుస గుంజాడు.

“రాకపోతె ఏందంటడు గా సంపత్? నీ జాగల ఇంకొకని పెడ్తనన్నడు,” అంది మళ్లీ తనే. “పోతె బావ మర్లిపోతడు. పోకపోతె కూడు పోతది. నాకేం తెలుస్తలేదు.”

“నాకు మాత్రం తెలుస్తుందా,” అన్నాడు పరశురాములు. మంచం బిగించడం అయింది. వేలితో మీటి చూశాడు. మంచి బిగువు.

*

పొద్దున్నే సంపత్ మోటారుసైకిలు గుమ్మం ముందు ఆగింది. దిగలేదు. బండి మీదే కూర్చుని హారను కొట్టాడు. పరశురాములు మెడ మీద గోనె వేసుకుని బయటికి వచ్చి వెనక కూర్చున్నాడు.  వినోద సద్ది డబ్బా చేతికిచ్చింది.

మిల్లులో యూనుస్ వంగి అతని కాలుకు దండం పెట్టాడు. “సలామ్ పెద్దయ్యా.”

“ఏందిరా?”

“నీకు గాదన్నా, గా కాలుకు. మనకంటె నెలన్నర పెద్దది గదా. దానికి మర్యాద ఇయ్యాలె.”

ముఠా అంతా నవ్వింది. హనుమండ్లు నవ్వలేదు. పరశురాములును పలక ఎక్కనివ్వలేదు. నేల మీద కాంటా దగ్గరినుంచి గోదాము దాకా మోయమన్నాడు. మొదటి బస్తా వీపు మీద పడగానే ఆ కాలు వణికింది. ఎముక నొయ్యలేదు. కానీ కాలు ఇంకొకరిదిలా ఉంది. మంచంలోంచి ఇప్పుడే లేచినవాడి కాలు. దాన్ని మిగతా ఒళ్లు బతిమాలి, గుంజి నడిపించాల్సి వచ్చింది. పోయేటప్పుడు మంచి కాలు ముందు వేసి, ఆ కాలును వెనకనుంచి తెచ్చుకుంటూ పోయాడు. వచ్చేటప్పుడు గోడ పట్టుకున్నాడు.

“ఎట్లుంది?” అన్నాడు హనుమండ్లు.

“కాలు మంచిగనే ఉన్నది. నాకే ఆయాసమైతుంది.”

హనుమండ్లు తలూపాడు. ఇదివరకు ముఠాలో ఎవరికి దెబ్బ తగిలినా లేచేదాకా అతని వాటా ఇంటికి పోయేది. అతని బస్తాలు మిగిలినవాళ్లు పంచుకునేవాళ్లు. పెట్టె వచ్చినప్పటినుంచి అది నిలిచిపోయింది. ఎవరూ వద్దనలేదు. మనిషి మరునాడే వస్తున్నాడు కనుక పంచుకోవడానికి ఏమీ లేకుండా పోయింది.

ఎండ ముదిరాక వినోద గేటు దగ్గర కనిపించింది. చేతిలో ఫోను ఉంది. నడకలో తొందర ఉంది కానీ మొహంలో లేదు. ఆమె వచ్చేసరికి పరశురాములు వీపు మీద బస్తా ఉంది. అలాగే వంగి నిలబడి విన్నాడు.

“అక్క ఫోన్ జేసింది. బావ జగిత్యాల బస్టాండ్ల దిగి కూసున్నడట. నువ్వు లేసినవని ఎవలో చెప్పిన్రట.”

“ఎవలు?”

“నాకేం ఎర్క. పండుకున్నడా, తిరుగుతుండా, గదొక్కటి అడుగుమన్నడట. పండుకుంటె వస్తడు. తిరుగుతుంటె గక్కడినుంచే మర్లుతడు. మల్ల ఫోన్ జేస్తనన్నది, ఏం చెప్పాలె?”

సంపత్ కాంటా దగ్గరినుంచి చూస్తున్నాడు. వెనక యూనుస్ బస్తాతో ఆగిపోయాడు, తోవ లేక. మబ్బు మిల్లు పైకి వచ్చింది. పరశురాములు మెడ మీదినుంచి చెమట కారి గోనెలోకి ఇంకుతోంది. కింద ఆ కాలు సన్నగా వణుకుతోంది.

అతను మోకాళ్లు వంచి, బస్తాను వీపు మీదినుంచి జారవిడిచాడు. అది గోదాము వాకిట్లో, దారికి అడ్డంగా, చప్పుడు చేస్తూ పడింది. కుట్టు తెగి గుప్పెడు వడ్లు కారాయి.

“పండుకున్నడని చెప్పు,” అన్నాడు.

మెడ మీది గోనె తీసి దులిపి, మడిచి, చంకలో పెట్టుకున్నాడు. గేటు వైపు నడిచాడు. గోడ లేదు కనుక వినోద భుజం పట్టుకున్నాడు.

“ఏయ్ పరశురాములూ,” అన్నాడు సంపత్. “యాడికి?”

“మంచంల.”

“ఏమైందని?”

“కాలిరిగింది సారూ.”

సంపత్ హనుమండ్ల దగ్గరికి వచ్చాడు. “ఏంది మేస్త్రీ, ఏమన్నా చెప్పవేంది? గంట సేపు పెట్టెల పెట్టిచ్చినం. నెలన్నర అయింది దానికి.”

హనుమండ్లు కారిన వడ్లను అరచేత్తో దగ్గరికి చేసి సంచిలో పోస్తున్నాడు. దబ్బనం తీసి సుతిలి ఎక్కించి కుట్టు వేశాడు. తర్వాత లేచి నడుం సరిచేసుకున్నాడు.

“గా నెలన్నర మేమెవ్వలం సూడలే సంపత్,” అన్నాడు. “మాకైతె నిన్ననే పడ్డడు.”

యూనుస్‌ను రమ్మని సైగ చేశాడు. వీపు వంచాడు. మేస్త్రి బస్తా ఎత్తి చాలా ఏళ్లయింది. యూనుస్ ఒక్క క్షణం వెనకాడి, ఇంకొకడి సాయంతో పరశురాములు వదిలిన బస్తాను లేపి, మెల్లగా ఆ వీపు మీద పెట్టాడు. 

*

లింగమూర్తి సాయంత్రానికి వచ్చాడు. ఆటో దిగి, చెప్పులు గడప బయట విడిచి, వినోద ఇచ్చిన నీళ్లతో కాళ్లు కడుక్కున్నాడు. మనిషి బక్కబడ్డాడు. చేతిలో సంచి ఉంది. అందులో బ్రెడ్డు, గుడ్లు, ఒక సీసాలో నువ్వుల నూనె.

పరశురాములు మంచం మీద వెల్లకిలా పడుకుని ఉన్నాడు. లేవబోయాడు.

“పండు,” అన్నాడు లింగమూర్తి.

మంచం పట్టె మీద కూర్చున్నాడు.  వినోద చాయ్ తెచ్చింది. లింగమూర్తి తాగి గ్లాసు కింద పెట్టాడు. దుప్పటి తీశాడు. కాలుకు కట్టు లేదు, పట్టీ లేదు. తెల్లగా, సన్నగా, పిల్లవాడి కాలులా ఉంది. రెండో కాలు పక్కన పెట్టి చూస్తే ఇద్దరు మనుషుల కాళ్లు.

పరశురాములు దుప్పటిని మళ్లీ కాలు మీదికి లాక్కోబోయాడు. “అన్నా,” అన్నాడు. “నిన్న దవాఖానల–”

“ఎర్కే,” అన్నాడు లింగమూర్తి. “బస్టాండ్ల మనూరి పిలగాడొగడు ఫోన్ల ఫోటో సూపెట్టిండు. పెట్టె పక్కపొంటి నిలవడ్డవు. దొంగలెక్క సూస్తున్నవు.”

“మరి ఎర్కుండి ఎందుకడిగినవు?”

లింగమూర్తి నూనె సీసా మూత తీశాడు. అరచేతిలో పోసుకున్నాడు. రెండు చేతులూ రుద్ది వేడి చేసి, పిక్క మీద పెట్టి కిందినుంచి పైకి తోమడం మొదలుపెట్టాడు.

“లారీలున్నయట గదా మిల్లుకాడ,” అన్నాడు.

“ఉన్నయి.”

“ఊఁ.”

 చేతులు మోకాలి దాకా పోయి మళ్లీ మడమ దగ్గరికి వచ్చాయి. ఎండిన చర్మం నూనెలో కలిసి వేళ్లకు అంటుకుంటోంది.

“నొస్తుందా?”

ఆ కాలు నొయ్యడం లేదు. అది తన నెలన్నర పడుకుని లేచింది. నడుము నొస్తోంది, మెడ నొస్తోంది, వీపులో ప్రతి ఎముకా నొస్తోంది.

“నొస్తుంది,” అన్నాడు పరశురాములు.

“యాడ?”

“అంతట.”

బయట మోటారుసైకిలు ఆగింది. హారను మోగింది. పరశురాములు మోచేతుల మీద లేచాడు. లింగమూర్తి అతని ఛాతీ మీద నూనె చెయ్యి పెట్టి వెనక్కి నెట్టాడు. మెల్లగా లేచి, తువ్వాలుకు చేతులు తుడుచుకుంటూ గడప దాకా పోయాడు.

“ఎవలు గావాలె?”

“పరశురాములు. నువ్వెవలు?”

“వాని అన్నను. బోథ్ నుంచి వచ్చిన.”

“రేపన్న వస్తడా, రాడా? సేటు అడుగుమన్నడు. రాకపోతె–”

“రాడు,” అన్నాడు లింగమూర్తి. “మా తమ్మునికి కాలిరిగింది. సూడనీకె గింత దూరమొచ్చిన. నువ్వు గూడ సూస్తనంటె చెప్పులిడిసి లోపలికి రా, కూసో. కుర్సీ ఏస్తరు. లేకుంటె నడువు.”

బయట కొంతసేపు ఇంజను అలాగే కొట్టుకుంది. రేకుల మీద మొదటి చినుకులు పడ్డాయి. సంపత్ ఏదో అన్నాడు కానీ వానలో వినబడలేదు. వినోద గోడ దగ్గరికి పోయి, ఒకదాంట్లో ఒకటి పెట్టిన కుర్చీలను విడదీయసాగింది.

లింగమూర్తి తిరిగి వచ్చి మంచం మీద కూర్చుని కాలును ఒళ్లోకి తీసుకునేసరికి పరశురాములు నోరు కొద్దిగా తెరుచుకుని నిద్రపోతున్నాడు.